కుడి చెవి బాగానే ఉంది

మా తమ్ముడికి సరిగ్గా వినబడదన్న సంగతి రెండేళ్ళపాటు ఈ లోకంలో ఇద్దరికే తెలుసు. వాడికీ, నాకూ. కట్టుకున్న పెళ్ళానికి కూడా తెలియదు. "మీ తమ్ముడికి ఈ మధ్య పొగరు నెత్తికెక్కింది వదినా. వంటింట్లోంచి పది కేకలు పెట్టినా పలకరు, నేనేదో గోడతో మాట్లాడుతున్నట్టు" అని మా మరదలు నా దగ్గర వాపోతే, "పేరొచ్చాక మగాళ్ళందరూ అంతేలే అమ్మా" అని సర్దిచెప్పేదాన్ని. సర్దిచెప్పి, బాత్రూంలోకి వెళ్ళి తలుపేసుకుని, కాసేపు గోడ పట్టుకుని నిలబడేదాన్ని. అంత భయంగా ఉండేది నాకు.

వాడు సినిమాల్లో వేషాలు వేస్తాడు, సినిమాలకి సంగీతమూ కడతాడు. రెండూ చేసేవాళ్ళు తక్కువ, రెండూ బాగా చేసేవాళ్ళు మరీ తక్కువ. అక్కని కాబట్టి పొగుడుతున్నానని అనుకోకండి. వాణ్ణి తిట్టడానికి నా దగ్గర ఇంతకంటే ఎక్కువ సరుకుంది. మొదట్లో నాటకాల కంపెనీలో హార్మోనియం వాయించేవాడు. ఒకరోజు తండ్రి వేషం వేసే ఆయనకి గొంతు పోతే, వీడు పెట్టె పక్కకి నెట్టి స్టేజీ ఎక్కాడు. ఇరవై రెండేళ్ళవాడు తెల్లగడ్డం అతికించుకుని ఏడిస్తే ముందు వరసలో ముసలివాళ్ళు కళ్ళొత్తుకున్నారు. వాళ్ళ మధ్య కూచున్న ఒక దర్శకుడు సినిమాలో చిన్న వేషం ఇచ్చాడు. షూటింగ్ మధ్యలో ఖాళీగా ఉండి కూనిరాగం తీస్తుంటే, "ఎవరిదయ్యా ఆ పాట?" అన్నాడట ఆ దర్శకుడే. "నాదేనండీ" అన్నాడు మావాడు. అదే ఆ సినిమాలో పాటైంది. అప్పటినుంచి ముప్పై ఏళ్ళుగా వాడి కాళ్ళు రెండు పడవల మీదే ఉన్నాయి. మునుగుతాడని ఎదురుచూసినవాళ్ళు ఎదురుచూస్తూనే ఉన్నారు.

అయితే అంత సంగీతం చేసినవాడికి నొటేషన్ రాయడం రాదు, చదవడం అసలే రాదు. "నువ్వున్నావుగా అక్కా" అంటాడు. నేను బళ్ళో సంగీతం టీచరుగా చేశాను. వాడు హార్మోనియం ముందేసుకుని మెట్ల మీద వేళ్ళు పరిగెత్తిస్తుంటే, ఎదురుగా కూచుని రాసేది నేనే. నా రాత కోడి కెలికినట్టుంటుంది. అది చూసి వాయించేవాళ్ళకి విడివిడిగా శుభ్రంగా మళ్ళీ నేనే రాసిస్తాను. ఒక్క పియానో కాగితం మాత్రం అలాగే కోడిగీతల్లో ఉంచేస్తాను, ఎందుకంటే మా పియానో అతను ఇరవై ఏళ్ళుగా అలవాటుపడి దాన్ని చదివేస్తాడు. ఈ బద్ధకమే ఒకరోజు మా ఇద్దరి కొంప ముంచుతుందని నాకప్పుడు తెలియదు.

రెండేళ్ళ కిందట వాడి చెవిలో హోరు మొదలైంది. డాక్టరు దగ్గరికి ఇద్దరం వెళ్ళాం కానీ, లోపలికి వాడొక్కడే వెళ్ళాడు. అరగంట తర్వాత నవ్వుతూ బయటికి వచ్చి, కుడి చెవిని రెండు వేళ్ళతో తట్టి చూపించాడు.

"ఎడమది పోయిందక్కా. కుడి చెవి బాగానే ఉంది."

నమ్మాను. నమ్మాలని ఉంది కాబట్టి నమ్మాను.

ఎవరికీ చెప్పొద్దన్నాడు. చెప్పమన్నా నేను చెప్పేదాన్ని కాదు. సినిమావాళ్ళ నోట్లో నువ్వుగింజ నానదు. సంగీత దర్శకుడికి సరిగ్గా వినబడదట అని ఒక్క ముక్క బయటికి పొక్కితే మర్నాటి నుంచి ఫోను మోగదు. మోగినా వాడికి వినబడదనుకోండి, అది వేరే సంగతి. ఇలాంటి జోకులు వేసుకుని ఇద్దరం నవ్వుకునేవాళ్ళం మొదట్లో. ఒకరోజు మాత్రం నవ్వకుండా అన్నాడు: "వేషాలు పోయినా బతికేస్తానక్కా. పాట పోతే నేను లేను." వాడి నటన ఏదో, నిజం ఏదో నాకు చిన్నప్పటినుంచీ తెలుసు. అది నటన కాదు. ఆ మాట విన్నప్పటినుంచి నాకు సరిగ్గా నిద్రలేదు.

నటుడు కాబట్టి నెట్టుకొచ్చాడు. వేరే సంగీత దర్శకుడైతే నెలలో దొరికిపోయేవాడు. డబ్బింగులో తెర మీద తన పెదాలు చూసి మాట కలిపేస్తాడు, వినాల్సిన పనే లేదు. షూటింగులో ఎదుటివాడి పెదాలు చూస్తాడు. ఇంట్లోనూ అంతే. రికార్డింగ్ అయితే లోపలికి అడుగు పెడుతూనే హెడ్‌ఫోన్లు తగిలించుకుంటాడు. చెవులకి హెడ్‌ఫోన్లున్న మనిషిని ఎవరూ వెనకనుంచి పిలవరు, పిలిచినా పలకలేదని ఏమీ అనుకోరు. మొదటి టేకు ఎలా వచ్చినా సరే, "ఇంకోసారి" అంటాడు. ఆ తర్వాత నా పెన్ను వంక చూస్తాడు. నేను పక్కనే కూచుంటాను. పెన్నుకి మూత పెట్టి ఉంటే అంతా బాగున్నట్టు. మూత తీసి ఉంటే ఎక్కడో తప్పు పడ్డట్టు, పాళీ ఎటు తిరిగి ఉంటే అటువైపు. మూత తీసి ఎడమకి తిప్పితే, వాడు కళ్ళు సగం మూసి, బాధగా మొహం పెట్టి, "వయొలిన్లలో రెండో వరస... ఎవరో తడబడ్డారమ్మా" అంటాడు. తడబడ్డవాడు గుటకలు మింగుతాడు. మా వాడికి రికార్డింగ్ హాల్లో వాళ్ళంతా పెట్టిన పేరు పాముచెవుల మాస్టారు.

ఇదంతా వాడి రహస్యం. నాకూ ఒకటుంది. అది వాడికి కూడా తెలియదు.

ఏడాదిన్నర కిందట హార్మోనియం దగ్గర మొదటిసారి పసిగట్టాను. రాగం కిందుగా నడిచినంతసేపూ వాడి వేళ్ళు మునుపటిలాగే ఉన్నాయి. పైకెళ్ళేసరికి పక్క మెట్టు మీద పడుతున్నాయి. ఒకసారి కాదు, ప్రతిసారీ. అలసిపోయాడేమో అనుకున్నాను. తెలిసిన చెవుల డాక్టరమ్మకి ఫోన్ చేసి, ఎవరి గురించో అడిగినట్టు అడిగాను. "చెవి దెబ్బతినేటప్పుడు కొందరికి పై స్వరాలు ఉన్నచోట వినబడవండీ, కాస్త పక్కకి జరిగి వినబడతాయి. వాళ్ళకి అదే సరైనది అనిపిస్తుంది" అంది. అంటే మా వాడి చెవి పోతూ పోతూ వాడితో అబద్ధాలు చెప్పి పోతోందన్నమాట.

వాడితో ఎలా చెప్పను? చెప్పలేదు. వాడు వాయించింది కాకుండా, వాయించాల్సింది రాశాను. ఒక్క స్వరమే కదా అని మొదలుపెట్టాను, పాట పూర్తయ్యేసరికి చాలా మారిపోయాయి. ఆ పాట ఊరూవాడా మోగిపోయింది. అందులో మూడో వాక్యంలో రాగం తిరిగే మలుపు అద్భుతమని అందరూ మెచ్చుకున్నారు. టీవీలో ఎవరో అడిగితే, ఆ మలుపు తనకెలా తట్టిందో మా వాడు పావుగంట వర్ణించాడు, వానలో తడుస్తూ నడుస్తుంటే వచ్చిందట. ఆ వాక్యంలో వాడివి రెండు స్వరాలున్నాయి. మిగతావి నావి. కాఫీ గ్లాసు చేతిలో పట్టుకుని టీవీ ముందు అలాగే కూచుండిపోయాను.

అప్పటినుంచి నా భయం రెండైంది. వాడి సంగతి లోకానికి తెలుస్తుందేమోనని ఒకటి, నా సంగతి వాడికి తెలుస్తుందేమోనని ఇంకొకటి. నిజం చెప్పాలంటే రెండోదే పెద్దది.

ఇక ఆ రోజు. చేస్తున్నది మావాడే ముఖ్యవేషం వేసిన సినిమా. ఎప్పుడో ఇల్లు వదిలి పోయిన తండ్రి తిరిగొచ్చి కూతురి గుమ్మం ముందు నిలబడతాడు. ఆఖరి ఏడు నిమిషాలూ మాటల్లేవు, సంగీతమే. కంప్యూటర్లో వద్దు, నలభైమందితో ఒకేసారి వాయించి తీయాలని దర్శకుడి పట్టుదల. ముప్పై దాటని అతను, మా వాడి పాటలు వింటూ పెరిగినవాడు, ప్రతి రెండో మాటకీ "సార్" అంటాడు.

పొద్దున్న పది గంటలకి హాలంతా మనుషులు. కుర్చీలు, స్టాండ్లు, నేలంతా వైర్లు. గోడలకి బూడిదరంగు స్పాంజి. ఒకవైపు పెద్ద అద్దం, అద్దం వెనక గదిలో సౌండ్ ఇంజనీరూ, అతని బల్లా, సినిమా కనిపించే తెరా, దర్శకుడూ, మేమిద్దరం. అప్పుడు దర్శకుడి ఫోను మోగింది. మాట్లాడి, నా వైపు తిరిగాడు.

"అక్కగారూ, మన పియానో ఆయన వేళ్ళు కారు తలుపులో పడ్డాయట. రాలేరట."

"అయ్యో పాపం. వేరేవాళ్ళని పిలవండి."

"పిలిస్తే వస్తారు కానీ..." అతను పియానో కాగితం ఎత్తి చూపించాడు. "దీన్ని ఎవరు చదవగలరండీ, మీరు తప్ప? మీరే వాయించాలి."

"నేనా? వేళ్ళు తిరగవు నాయనా. బడి పిల్లలకి వాయించినదాన్ని. కళ్ళజోడు కూడా తేలేదు."

"మీ మెడలో వేలాడుతోందండీ" అన్నాడు ఇంజనీరు. అతనికి అన్నీ కనబడతాయి.

"మళ్ళీ శుభ్రంగా రాసిస్తాను. గంట పడుతుంది. ఎవరినైనా పిలవండి."

"గంటంటే కష్టమండీ, మధ్యాహ్నానికి హాలు వేరేవాళ్ళకి ఇచ్చేయాలి. సార్, మీరైనా చెప్పండి."

మా తమ్ముడు అతని పెదాలూ, నా పెదాలూ మార్చిమార్చి చూసి సంగతి పట్టుకున్నాడు. అందరి ముందూ చిరునవ్వు నవ్వి, "వాయించక్కా, ఏమవుతుంది" అన్నాడు. వాడి కళ్ళు మాత్రం నా చేతిలో పెన్ను మీద ఉన్నాయి. నేను పియానో దగ్గరికి పోతే పక్కన పెన్ను పట్టుకునేది ఎవరు? ఏం చెయ్యాలో తోచక ఆ పెన్ను వాడికే ఇచ్చాను. మూత పెట్టే ఇచ్చాను. జేబులో పెట్టుకున్నాడు.

హాల్లోకి వెళ్ళాను. పియానో అద్దానికి దగ్గరగా, అడ్డంగా ఉంది. అక్కడినుంచి గదిలో అందరూ బాగా కనిపిస్తున్నారు. వాళ్ళకీ నేను కనిపిస్తున్నాను, నా మొహం, నా చేతులు, అన్నీ. చేతుల సంగతి అప్పుడు నా బుర్రకి తట్టలేదు. వాడికి ఎలా సైగ చెయ్యాలన్న ఆలోచనతోనే బుర్ర నిండిపోయింది.

మొదటి టేకు నడిచింది, అంతసేపూ వాడి కళ్ళు తెర మీదే ఉన్నాయి. నేను రెండుచోట్ల తడబడ్డాను. ఆఖరి స్వరం ఆగాక ఇంజనీరు మా వాడి వైపు తిరిగి, "ఎలా ఉంది సార్?" అన్నట్టు చెయ్యి తిప్పాడు.

"ఇంకోసారి" అన్నాడు మావాడు మైకులో.

అలవాటు కాపాడింది. కానీ రెండోదానికి ఏమంటాడు? ఎవరిని చూసి అంటాడు? పెద్ద వయొలినాయన నా వెనకే ఉన్నాడు, మా నాటకాల రోజులనుంచీ తెలిసిన మనిషి. ఆయన మొహం చదివి నెట్టుకొస్తాడులే అని నాకు నేనే ధైర్యం చెప్పుకున్నాను.

రెండో టేకు మొదలైంది. రెండు నిమిషాలు దాటాక దర్శకుడు తెరకి దగ్గరగా చూడాలని చక్రాలున్న తన ఆఫీసు కుర్చీని ముందుకి లాక్కున్నాడు. ఆ చక్రం కింద మా వాడి హెడ్‌ఫోన్ల వైరు పడింది. సాగింది. పుటుక్కున ఊడి, కొస నేలమీద పడింది. దర్శకుడు చూడలేదు, ఇంజనీరు తన బల్ల మీదకి వంగి ఉన్నాడు. చూసింది నేనొక్కదాన్నే.

ఇప్పుడు ఉలిక్కిపడతాడు, ఇప్పుడు వైరు వెతుక్కుంటాడు అని చూస్తున్నాను. చేతులు వాటి దారిన అవి వాయిస్తున్నాయి. వాడు ఉలిక్కిపడలేదు. తల ఊపుతున్నాడు, తాళం వేస్తున్నాడు. అంతటితో ఊరుకున్నా బాగుండేది. చెయ్యి చాచి ముందున్న పెట్టె మీద మీట కాస్త కుడికి తిప్పాడు, ఒక్క క్షణం ఆగి విన్నాడు, మళ్ళీ కొంచెం ఎడమకి తిప్పి, ఆఁ, ఇప్పుడు సరిగ్గా ఉంది అన్నట్టు తృప్తిగా తలాడించాడు.

వైరు కొస నేలమీద, వాడి చెప్పు పక్కన ఉంది.

కుడి చెవి బాగానే ఉందన్నాడు నాతో. నాతో! రెండేళ్ళుగా నేను మాట్లాడిన ప్రతిమాటకీ "ఊఁ, వింటున్నానక్కా" అన్నాడు. లోకాన్ని మోసం చేసే పనిలో ఇద్దరం ఒకవైపున్నామని అనుకున్నాను. నేనూ లోకంలోనే ఉన్నాను. కోపం వచ్చింది, ఆ కోపం కింద భయం ఇంకా అలాగే ఉంది. ఇంజనీరు తల తిప్పితే చాలు. దర్శకుడు కాళ్ళ దగ్గర చూసుకుంటే చాలు. ముప్పై ఏళ్ళ బతుకు ఆ జానెడు వైరు దగ్గర తెల్లారిపోతుంది. మెట్లు నొక్కుతూ, చూడొద్దు బాబూ, తల తిప్పొద్దు బాబూ అని ఆ ఇంజనీరుని మనసులో బతిమాలుకుంటున్నాను.

అప్పుడు మా వాడి తల ఊగడం ఆగిపోయింది.

వైరు చూశాడనుకున్నాను. వాడు కిందకి చూడలేదు. అద్దంలోంచి సూటిగా నా చేతులకేసి చూస్తున్నాడు. కూతురు తలుపు తీసే చోటుకి వచ్చాం, రాగం పైకెళ్తుంది, అదే స్వరాల వరస నాలుగుసార్లు వస్తుంది. ఇంట్లో వాడు అలవాటుగా పక్కకి జరిగి, ఆ చివరి స్వరానికి నల్లమెట్టు నొక్కాడు. నేను పక్కనున్న తెల్లమెట్టు రాశాను. నలభైమందికీ దాని చుట్టూనే రాశాను. ఇప్పుడు వాడి కళ్ళముందే నా వేలు ఆ తెల్లమెట్టు మీద పడింది. రెండోసారీ పడింది. కాగితం వాడు చదవలేడు, చప్పుడు వాడు వినలేడు, కానీ మెట్ల మీద వేళ్ళు వాడికి అమ్మానాన్నలంత తెలుసు. ముప్పై ఏళ్ళలో నేను వాడి ఎదుట వాడి పాట వాయించడం అదే మొదలు.

మూడోసారికి వేలు ఆపుదామనుకున్నాను. ఆపలేకపోయాను.

"ఆపండి" అన్నాడు మైకులో.

నలభైమందీ ఆగారు.

"పియానో తప్పు."

హాల్లో ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. పెద్ద వయొలినాయన కమాను దించి, "లేదు సార్. అక్కగారు కాగితంలో ఉన్నదే వాయించారు. మాకూ అదే ఉంది" అన్నాడు. అందరూ అద్దంవైపు తిరిగే మాట్లాడతారు కాబట్టి వాడికి ఆ పెదాలు కనబడ్డాయి.

"కాగితం సంగతి నాకెందుకు. నేను చేసింది అది కాదు. అక్కా, నువ్వు ఎదురుగా కూచుని రాసుకున్నావు. నేనేం వాయించానో అది వాయించు."

"తర్వాత మాట్లాడుకుందాంరా" అన్నాను.

"తర్వాత కాదు, ఇప్పుడే. ఆ నల్లమెట్టు. అందరూ మళ్ళీ అక్కడినుంచి ఎత్తుకోండి."

దర్శకుడు లేచి నిలబడ్డాడు, ఏం జరుగుతోందో తెలియక. నేను మా వాడికేసి చూసి తల అడ్డంగా ఊపాను. వద్దురా, నన్ను అడగొద్దు, వద్దు అన్నాను చప్పుడు లేకుండా, పెదాలతోనే. వాడు చదివాడు. చదివి కూడా చెయ్యెత్తాడు, మొదలుపెట్టమని. ఏం చెయ్యను? నేను వాయిస్తే వాడి చెవి సంగతి హాలంతా వింటుంది. వాయించకపోతే వాడి పాట నేను తినేశానని వాడనుకుంటాడు. చేతులు మెట్ల మీదకి తెచ్చాను.

వయొలిన్లు ఎత్తుకున్నాయి. రాగం పైకెళ్ళింది. నేను నల్లమెట్టు నొక్కాను.

మా వాడి పాటలో అంత వికారమైన చప్పుడు నేనెప్పుడూ వినలేదు. వాయిద్యాలన్నీ ఒకవైపు, నా వేలు ఒక్కటీ ఇంకోవైపు. ఫ్లూట్ ఆయన పంటి కింద రాయి పడినట్టు కళ్ళు మూసుకున్నాడు. సెల్లో వాయించే అమ్మాయి తల దించుకుంది. రెండోసారి నొక్కాను. వెనక ఎవరో ఆపేశారు. మూడోసారికి సగంమంది వాయించడం లేదు, నాకేసీ, అద్దంకేసీ చూస్తున్నారు. నాలుగోసారి ఆ నల్లమెట్టు ఒక్కటే మోగింది.

మా తమ్ముడు అందరి మొహాలూ చూశాడు. ముప్పై ఏళ్ళు మొహాలతో బతికినవాడు వాడు, ఎదుటివాడి కనుబొమ్మ కదిలితే లోపల ఏముందో చెప్పగలడు. మొదటి వరసనుంచి మొదలుపెట్టి, ఒక్కొక్కరినే, ఎవరినీ వదలకుండా చూశాడు. చెవులు చెప్పని సంగతి ఆ మొహాలు చెప్పేశాయి. ఆఖరికి వాడి చూపు నా దగ్గరికి వచ్చింది. నేను ఏడుస్తున్నాను.

హెడ్‌ఫోన్లు తీశాడు. తీసేటప్పుడు వైరు వదులుగా వచ్చింది. దాన్ని చేత్తో పట్టుకుని మెల్లగా పైకి లాక్కుంటూ పోయాడు, కొస చేతికి వచ్చేదాకా. ఇంజనీరు చూశాడు. దర్శకుడు చూశాడు. దర్శకుడు నోరు తెరిచి, "సార్..." అని ఆగిపోయాడు.

మావాడు మైకు దగ్గరికి వంగాడు. ఏదో చమత్కారం చేస్తాడనుకున్నాను. చేస్తే నమ్మడానికి అందరూ సిద్ధంగానే ఉన్నారు. మీరంతా మెలకువగా ఉన్నారో లేదో చూద్దామని అన్నానయ్యా అంటే, నవ్వేసి మళ్ళీ వాయిద్యాలు ఎత్తేవాళ్ళే. అంత చిన్న అబద్ధం వాడికి లెక్కే కాదు. అనరా, అనేయరా అని నేను మనసులో అరుస్తున్నాను.

"వైరు ఎప్పుడు ఊడిందో నాకు తెలియదు" అన్నాడు. "నాకు వినబడదు. రెండు చెవులూ. ఏడాది దాటింది."

పెద్ద వయొలినాయన కమాను ఒళ్ళో పెట్టుకున్నాడు.

"అక్క రాసిందే వాయించండి. అదే సరైనది" అని మైకు కట్టేశాడు.

మూడో టేకుకి వాడు హాల్లోకి వచ్చి గోడ పక్కన కుర్చీ వేసుకుని కూచున్నాడు. తల ఊపలేదు, తాళం వెయ్యలేదు. చేతులు రెండూ ఒళ్ళో పెట్టుకుని, డాక్టరు గది బయట వంతు కోసం కూచున్నవాడిలా కూచున్నాడు. ఆ ఏడు నిమిషాలూ వాడి మొహంలో ఏ భావమూ లేదు. ఖాళీగా ఉన్న వాడి మొహాన్ని నేనెప్పుడూ చూడలేదు. వాయించడం ఎలా పూర్తిచేశానో నాకు గుర్తులేదు. తప్పులు పడలేదన్నారు. అందరూ సర్దుకుంటుండగా పెద్ద వయొలినాయన వాడి ముందుకి వచ్చి, భుజం మీద చెయ్యి వేసి తీశాడు. దర్శకుడు ఫోను పట్టుకుని వరండాలో అటూ ఇటూ తిరుగుతున్నాడు, ఎవరికి చెయ్యాలో తెలియనట్టు. ఆ సాయంత్రానికి అందరికీ తెలిసిపోతుందని నాకు తెలుసు. రెండేళ్ళుగా నేను భయపడ్డది జరిగిపోయింది, నేను అనుకున్నంత చప్పుడు కూడా కాలేదు.

అసలు భయం అప్పుడు మొదలైంది. వాడు నా దగ్గరికి వచ్చి, జేబులోంచి పెన్ను తీసి పియానో మీద పెట్టాడు.

"కుడి చెవి బాగానే ఉందన్నావు కదరా" అన్నాను. ముందుగా నేనే నిలదీస్తే వాడు నన్ను నిలదీయడేమోనని ఆశ.

"అన్నాను."

"నాతో కూడానా?"

"నీతోనే ముఖ్యంగా. నీకు తెలిస్తే నాకు నిజంగా వినబడనట్టే కదా." పెన్ను మూతని వేలితో తట్టాడు. "ఆ మూడో వాక్యం నాది కాదు కదూ?"

నా మొహం వాడికి చాలు.

"వాన సంగతి కూడా చెప్పానే టీవీలో" అని నవ్వబోయి, నవ్వు రాక మానేశాడు. "నటన అంటే నాదనుకున్నాను. ఎదురుగా కూచుని, నా కళ్ళలోకి చూస్తూ రాశావక్కా. నేనే పట్టుకోలేకపోయాను."

అని, తలుపు తీసుకుని మెట్లు దిగడం మొదలుపెట్టాడు.

నేను గుమ్మం దాకా వెళ్ళాను. "ఒరేయ్" అని పిలిచాను. పిలిచాక తెలిసింది. వాడి వీపు అలాగే దిగిపోతోంది. "తప్పైపోయిందిరా. నిన్ను కాపాడుతున్నాననుకున్నాను, నీ పాట నేనే తీసేసుకున్నాను" అన్నాను ఆ వీపుకి. ఎంత తేలిగ్గా వచ్చిందో ఆ మాట. వీపుతో ఏమైనా అనచ్చు. రెండేళ్ళుగా వాడితో నేను అనాల్సినవన్నీ ఇలాగే అన్నాను కాబోలు, వాడికి అందనిచోట నిలబడి.

అరవై దాటినదాన్ని, మోకాళ్ళు నొప్పులు. కమ్మీ పట్టుకుని, చీర కుచ్చిళ్ళు ఎత్తి పట్టుకుని దిగాను. రెండో మలుపు దగ్గర వాణ్ణి దాటి, కింద మెట్టు మీద అడ్డంగా నిలబడ్డాను. వెలుతురు నా మొహం మీద పడేట్టు చూసుకున్నాను. వాడు ఛీ అంటే? పక్కకి తోసుకుని వెళ్ళిపోతే? నాకున్నది వాడొక్కడే. పెదాలు స్పష్టంగా కదిలేట్టు, మెల్లగా, ఒక్కొక్క మాటా విడదీసి చెప్పాను.

"తప్పు నాది. నన్ను క్షమించరా."

వాడు నా పెదాలకేసి చాలాసేపు చూశాడు. కళ్ళు సగం మూసి, బాధగా మొహం పెట్టాడు.

"ఇంకోసారి" అన్నాడు.

మళ్ళీ చెప్పాను.